లార్వుడ్ సారీ ఎందుకు చెప్పాలి?

బాడీలైన్ గురించి విననివాళ్ళు మన క్రికెట్ పిచ్చోళ్ళలో తక్కువే. 1932-33లో ఇంగ్లండు జట్టు ఆస్ట్రేలియా వెళ్ళింది, బ్రాడ్‌మన్‌ని ఆపడానికి బ్యాట్స్‌మెన్ ఒంటి మీదకి బంతులేసింది, 4-1తో యాషెస్ పట్టుకొచ్చింది. ఈ కథ ఎవరు చెప్పినా రెండు పేర్లే గట్టిగా వినిపిస్తాయి. ఒకటి డాన్ బ్రాడ్‌మన్, రెండోది ఇంగ్లండు కెప్టెన్ డగ్లస్ జార్డీన్. ఆ బంతులు వేసినవాడి పేరు మూడోది. అదీ మన సినిమాల్లో విలన్ పక్కన నిలబడే బలశాలి పాత్రలాగా ఓ మూల వస్తుంది.

అతని పేరు హెరాల్డ్ లార్వుడ్. ఆ సిరీస్‌లో 33 వికెట్లు తీశాడు, సగటు 19.51. ఆ తర్వాత ఒక్క టెస్టు కూడా ఆడలేదు. అప్పటికి అతని వయసు 28.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తా. లార్వుడ్ కెరీర్‌ని గాయమూ పూర్తిగా ముగించలేదు, ఆస్ట్రేలియా కూడా ముగించలేదు. అతనికి జీతమిచ్చి, పని చెప్పి, ఆ పని బాగా చేశావని మెచ్చుకున్న పెద్దమనుషులే ముగించారు. వాళ్ళు సారీ చెప్పమన్నారు, అతను చెప్పనన్నాడు. అతను చెప్పకపోవడమే రైటని నేనంటాను. ఎందుకో చెప్పాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

లార్వుడ్ 1904 నవంబరు 14న ఇంగ్లండులో నాటింగ్‌హామ్‌షైర్‌లోని నన్‌కార్‌గేట్ అనే బొగ్గుగనుల ఊళ్ళో పుట్టాడు. పద్నాలుగేళ్ళకే గనిలో పనికి చేరాడు. అక్కడ అతని పని బొగ్గు బళ్ళు లాగే పొట్టి గుర్రాలని చూసుకోవడం. మన సింగరేణి వైపు వాళ్ళకి గని పనంటే ఏంటో చెప్పక్కర్లేదు. పొద్దున్న లోపలికి దిగితే మళ్ళీ వెలుతురు చూసేదాకా నమ్మకం లేని బతుకు. ఆ బతుకులోంచి బయటపడటానికి అతనికి దొరికిన ఒకే ఒక్క తాడు క్రికెట్. 1924లో నాటింగ్‌హామ్‌షైర్ కౌంటీకి మొదటి మ్యాచ్ ఆడాడు, 1926లో లార్డ్స్‌లో ఆస్ట్రేలియా మీద మొదటి టెస్టు.

మనిషి చూస్తే ఆజానుబాహుడేం కాదు. ఎత్తు అయిదడుగుల ఎనిమిది అంగుళాల లోపే. ఫాస్ట్ బౌలరంటే మనకి గార్నర్, ఆంబ్రోస్ లాంటి తాటిచెట్లు గుర్తొస్తారు కదా, లార్వుడ్ ఆ బాపతు కాదు. సాఫీగా, చప్పుడు లేకుండా పరిగెత్తుకొచ్చేవాడట. గనిలో గట్టిపడ్డ వీపు, భుజాలు, లయ తప్పని పరుగు, అన్నిటికంటే ముఖ్యంగా గురి. వేగంగా వేసేవాళ్ళు ఎప్పుడూ ఉంటారు. ఆ వేగంతో అనుకున్నచోటే బంతి వేసేవాళ్ళు తరానికి ఒకరో ఇద్దరో. ఇంగ్లండు దేశవాళీ సీజన్‌లో బౌలింగ్ సగటుల పట్టికలో అయిదుసార్లు మొదటి స్థానంలో నిలిచాడు. మొత్తం ఫస్ట్ క్లాస్ కెరీర్‌లో 1427 వికెట్లు, సగటు 17.51. 1928లో బ్రిస్బేన్‌లో, బ్రాడ్‌మన్ మొదటి టెస్టు ఆడిన మ్యాచ్‌లో, లార్వుడ్ 32 పరుగులకి 6 వికెట్లు తీయడమే కాక బ్యాట్‌తో 70 కొట్టాడు. ఇంగ్లండు ఆ టెస్టుని 675 పరుగుల తేడాతో గెలిచింది. అంటే బాడీలైన్ వల్ల పైకొచ్చినవాడు కాదు, అప్పటికే గొప్ప బౌలర్.

ఇక్కడ ఒక విషయం తెలియకపోతే మిగతా కథ అర్థం కాదు. ఆ రోజుల్లో ఇంగ్లీషు క్రికెట్‌లో రెండు కులాలుండేవి. అమెచ్యూర్లు, ప్రొఫెషనల్స్. అమెచ్యూర్ అంటే డబ్బు తీసుకోకుండా ఆడే జెంటిల్‌మన్. ఆస్తిపాస్తులున్నవాడు, పెద్ద స్కూల్లో చదివినవాడు, తరచు ఆక్స్‌ఫర్డో కేంబ్రిడ్జో అయినవాడు. ప్రొఫెషనల్ అంటే కూలికి ఆడేవాడు. ఇద్దరికీ వేరువేరు డ్రెస్సింగ్ రూములు, చాలా గ్రౌండ్లలో లోపలికి రావడానికి వేరువేరు గేట్లు. స్కోరు కార్డులో కూడా తేడానే. అమెచ్యూరైతే ఇనీషియల్స్ ముందు, ఇంటిపేరు తర్వాత. ప్రొఫెషనలైతే ఇంటిపేరు ముందు, ఇనీషియల్స్ వెనక. ఇంగ్లండు కెప్టెన్ మాత్రం అమెచ్యూరే అవ్వాలి. ఈ ఆచారాన్ని గట్టిగా బద్దలుకొట్టి ఒక ప్రొఫెషనల్, లెన్ హట్టన్, టెస్టు సిరీస్‌కి కెప్టెనయ్యేసరికి 1952 వచ్చింది. అసలు ఈ తేడానే ఎత్తేసేసరికి 1962. మనవాళ్ళకి కులం గురించి పాఠాలు చెప్పిన దేశం సంగతి ఇదీ :)

జార్డీన్ అమెచ్యూర్. 1900లో బొంబాయిలో పుట్టాడు, తండ్రి అక్కడ లాయరు. వించెస్టర్ స్కూలు, ఆక్స్‌ఫర్డు. లార్వుడ్ ప్రొఫెషనల్. ఒకరు ఆఫీసరు, ఒకరు కూలీ. ఇది గుర్తుపెట్టుకోండి.

ఇంక సమస్యకొద్దాం. సమస్య పేరు బ్రాడ్‌మన్. 1930లో ఇంగ్లండు వచ్చి అయిదు టెస్టుల్లో 974 పరుగులు కొట్టాడు, సగటు 139.14. ఇప్పటికీ ఒక టెస్టు సిరీస్‌లో అంతకంటే ఎక్కువ కొట్టినవాడు లేడు. ఆ సిరీస్‌లో లార్వుడ్‌ కూడా చితికిపోయాడు. ఇంగ్లండు అందరికీ ఒకటే బెంగ, రేపు వాళ్ళ దేశం వెళ్తే ఇతన్ని ఎలా ఆపడం? ఓవల్‌లో ఆడిన చివరి టెస్టులో వాన తడిసిన పిచ్ మీద బంతి లేచి ఒంటి మీదకొస్తే బ్రాడ్‌మన్ కొంచెం ఇబ్బంది పడ్డాడని కొందరు గమనించారు. అదే మొలక.

1932 ఆగస్టులో లండన్ పికడిల్లీ హోటల్లో ఒక డిన్నర్ జరిగింది. జార్డీన్, నాటింగ్‌హామ్‌షైర్ కెప్టెన్ ఆర్థర్ కార్, ఆయన కౌంటీ బౌలర్లు లార్వుడ్, బిల్ వోస్. లెగ్ స్టంప్ మీద, ఒంటి మీదకి లేచేలా వరసపెట్టి బంతులేయగలరా అని జార్డీన్ అడిగాడు. వేయగలమన్నారు. మన భాషలో చెప్పాలంటే రిక్వైర్‌మెంట్స్ మీటింగన్నమాట. డిజైన్ కెప్టెన్‌ది, ఫీజిబిలిటీ అడిగింది ఇంజనీర్లని.

డిజైన్ మాత్రం భయంకరమైన తెలివైనది. లెగ్ వైపు బ్యాట్స్‌మన్‌కి చేతికందే దూరంలో అయిదారుగురు ఫీల్డర్ల వలయం. వెనక బౌండరీ దగ్గర ఒకరో ఇద్దరో. ఆఫ్ వైపు దాదాపు ఖాళీ. బంతి షార్ట్‌గా పడి ఛాతీకో మెడకో వస్తుంది. బ్యాట్ అడ్డం పెడితే వలయంలో క్యాచ్. హుక్ కొడితే బౌండరీ దగ్గర క్యాచ్. పక్కకి జరిగి కట్ చేద్దామంటే వెనక స్టంప్స్ కనిపిస్తుంటాయి. ఏమీ చెయ్యకుండా నిలబడితే దెబ్బ. హెల్మెట్లు లేవు, ఛాతీకి కవచాలు లేవు. ఇది పనిచెయ్యాలంటే ఒకటే షరతు, బంతి పదిసార్లు వేస్తే పదిసార్లూ అక్కడే పడాలి. ఒక అడుగు అటూ ఇటూ అయితే ఫోరు. అలా వేయగలిగినవాడు అప్పటికి ప్రపంచంలో ఒక్కడే. అందుకే నేనంటాను, బాడీలైన్ ఐడియా జార్డీన్‌ది కావచ్చు, కానీ లార్వుడ్ లేకపోతే అది పికడిల్లీ హోటల్ టేబుల్ మీదే ఉండిపోయేది.

సిడ్నీలో మొదటి టెస్టుకి బ్రాడ్‌మన్ ఆడలేదు. లార్వుడ్ రెండు ఇన్నింగ్స్‌లలో అయిదేసి వికెట్లు తీశాడు, ఇంగ్లండు 10 వికెట్లతో గెలిచింది. మెల్‌బోర్న్‌లో ఆస్ట్రేలియా గెలిచింది, బ్రాడ్‌మన్ మొదటి ఇన్నింగ్స్‌లో మొదటి బంతికే అవుటై రెండో దాంట్లో 103 నాటౌట్. 1-1. మూడోది అడిలైడ్, 1933 జనవరి. గొడవంతా అక్కడే.

ఆస్ట్రేలియా కెప్టెన్ బిల్ వుడ్‌ఫుల్‌కి లార్వుడ్ బంతి గుండె దగ్గర తగిలింది. బ్యాట్ వదిలేసి ఛాతీ పట్టుకుని వంగిపోయాడు. యాభై వేలమంది జనం గోల. ఆ బంతి వేసినప్పుడు ఫీల్డింగ్ మామూలుగానే ఉంది, బాడీలైన్ ఫీల్డ్ కాదు. అప్పుడు జార్డీన్ చేసింది రెండు పనులు. ఒకటి, అవతలి ఎండ్‌లో ఉన్న బ్రాడ్‌మన్‌కి వినపడేలా "బాగా వేశావు హెరాల్డ్" అన్నాడు. రెండోది, లార్వుడ్ తర్వాతి ఓవరు మొదలుపెట్టే టైముకి ఫీల్డర్లని లెగ్ వైపు వలయంలోకి మార్చాడు. దెబ్బతిన్న మనిషి ఇంకా సరిగ్గా ఊపిరి తీసుకోకముందే. ఆ రెండు నిర్ణయాలూ కెప్టెన్‌వి. జనం తిట్టింది మాత్రం ఎక్కువగా చేతిలో బంతి ఉన్నవాణ్ణి.

అదే మ్యాచ్‌లో వికెట్‌కీపర్ బెర్ట్ ఓల్డ్‌ఫీల్డ్ హుక్ చెయ్యబోయి బంతి బ్యాట్ అంచుకి తగిలి తలకి కొట్టుకుని పుర్రె ఎముక చిట్లింది. అప్పుడూ బాడీలైన్ ఫీల్డ్ లేదు. తప్పు నాదేనని ఓల్డ్‌ఫీల్డే అన్నాడు. కానీ అప్పటికే పరిస్థితి చెయ్యిదాటింది. జనవరి 18న ఆస్ట్రేలియా బోర్డు లండన్‌లోని ఎంసీసీకి కేబుల్ పంపింది, ఇది క్రీడాస్ఫూర్తికి విరుద్ధమని. జనవరి 23న ఎంసీసీ జవాబిచ్చింది. సారాంశం ఏంటంటే మా కెప్టెన్ మీద మాకు పూర్తి నమ్మకముంది, మీకంత ఇబ్బందిగా ఉంటే మిగతా టూరు రద్దు చేసుకోండి. గమనించండి, ఆ రోజు ఎంసీసీ తమ జట్టుని సమర్థించింది. ఆస్ట్రేలియా బోర్డే ఆ మాట వెనక్కి తీసుకుంది. విషయం రెండు ప్రభుత్వాల దాకా వెళ్ళింది.

ఇక్కడే నాకు అన్నిటికంటే ముఖ్యమనిపించే సంగతి ఒకటుంది. ఆ జట్టులో బాడీలైన్‌కి "నో" చెప్పినవాళ్ళున్నారు. ఒకరు పటౌడీ నవాబు ఇఫ్తికార్ అలీఖాన్, మన టైగర్ పటౌడీ తండ్రి. మొదటి టెస్టులో సెంచరీ కొట్టాడు, లెగ్ వైపు వలయంలో నిలబడనన్నాడు, రెండో టెస్టు తర్వాత జట్టులో చోటు పోయింది. కానీ ఆయన నవాబు. తిరిగొచ్చాడు, 1934లో ఇంగ్లండుకి మళ్ళీ ఆడాడు, 1946లో భారత జట్టుకి కెప్టెనయ్యాడు. రెండోవారు గబీ అలెన్, ఫాస్ట్ బౌలర్, అమెచ్యూర్. అలా వెయ్యనని జార్డీన్ మొహం మీదే చెప్పాడు. ఏమైంది? ఏమీ కాలేదు. అయిదు టెస్టులూ ఆడాడు, తన పద్ధతిలో వేసి 21 వికెట్లు తీశాడు.

అలెన్ ధైర్యాన్ని నేను తక్కువ చెయ్యట్లేదు. కానీ ఆ "నో" వెనక ఏముందో కూడా చూడాలి కదా. అలెన్‌కి క్రికెట్ పోతే పోయేది క్రికెట్ మాత్రమే. లార్వుడ్‌కి క్రికెట్ పోతే మిగిలేది గని. ఒకే మాటకి ఇద్దరు కట్టాల్సిన ఖరీదు ఒకటి కాదు. ఇంకో చిత్రం చూడండి. అడిలైడ్ మొదటి ఇన్నింగ్స్‌లో బ్రాడ్‌మన్ 8 పరుగులకి అవుటయ్యాడు. స్కోరు కార్డులో ఇలా ఉంటుంది, క్యాచ్ అలెన్, బౌల్డ్ లార్వుడ్. ఆ బౌలింగ్ వెయ్యనన్న మనిషే ఆ బౌలింగ్‌కి క్యాచ్ పట్టాడు! అందరూ శ్రీవైష్ణవులే, బుట్టలో రొయ్యలు మాయం.

సిరీస్ మిగతా భాగం తొందరగా చెప్పేస్తా. ఇంగ్లండు అడిలైడ్, బ్రిస్బేన్, సిడ్నీ మూడూ గెలిచింది. బ్రాడ్‌మన్ సగటు 56.57కి దిగింది. వేరే ఎవరికైనా అది గొప్ప సగటు, అతనికి మాత్రం ఓటమి. నాలుగుసార్లు లార్వుడే అవుట్ చేశాడు. చివరి టెస్టులో జార్డీన్ లార్వుడ్‌ని నైట్‌వాచ్‌మన్‌గా పంపితే 98 కొట్టాడు. నెలల తరబడి అతన్ని తిట్టిన సిడ్నీ జనమే లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఆట తెలిసిన జనం ఎక్కడైనా అంతే.

ఆ టెస్టు రెండో ఇన్నింగ్స్‌లో బౌలింగ్ చేస్తుండగా అతని ఎడమ పాదంలో ఎముక విరిగింది. ఆ గట్టి ఆస్ట్రేలియా పిచ్‌ల మీద సీజనంతా అదే కాలు బలంగా మోపిన ఫలితం. నడవలేకపోతున్నా జార్డీన్ బయటికి పోనివ్వలేదు. బ్రాడ్‌మన్ క్రీజులో ఉన్నంతసేపు నువ్వు గ్రౌండులో కనపడాలి అన్నాడు. బ్రాడ్‌మన్ 71 దగ్గర వెరిటీ చేతిలో అవుటయ్యాకే వదిలాడు. ఇద్దరూ ఒకేసారి పెవిలియన్ వైపు నడిచారు, ఒకరితో ఒకరు మాట్లాడుకోకుండా. లార్వుడ్ టెస్టు గ్రౌండులోంచి బయటికి రావడం అదే ఆఖరు.

ఇక ఆ తర్వాత తమాషా చూడండి. 1933 వేసవిలో జార్డీన్ ఇంగ్లండు కెప్టెన్‌గానే ఉన్నాడు. ఆ సీజన్‌లో వెస్టిండీస్ వచ్చింది. మాంచెస్టర్ టెస్టులో కాన్‌స్టంటైన్, మార్టిండేల్ తిరిగి ఇంగ్లండు మీదే బాడీలైన్ వేశారు. జార్డీన్ నిలబడి 127 కొట్టాడు, అది వేరే సంగతి. కానీ అప్పటిదాకా కేబుళ్ళలో చదివిందాన్ని లండన్ పెద్దలు మొదటిసారి సొంత దేశంలో కళ్ళారా చూశారు. అబ్బే, ఇది చూడ్డానికి బాలేదే అనిపించింది. ఆ చలికాలం జార్డీన్ జట్టుతో భారత్ వచ్చాడు. మన తెలుగు కుటుంబంవాడైన సి.కె. నాయుడు కెప్టెన్‌గా బొంబాయిలో టాస్‌కి వెళ్ళింది ఈయనతోనే. 1932లో లార్డ్స్‌లో భారత్ ఆడిన మొట్టమొదటి టెస్టులో కూడా వీళ్ళిద్దరే కెప్టెన్లు. అంటే బాడీలైన్ తర్వాత కూడా బాడీలైన్ రూపకర్తకి రెండు సిరీస్‌లు కెప్టెన్సీ ఇచ్చారు. 1934లో ఆస్ట్రేలియా ఇంగ్లండు రావాల్సి ఉంది. ఆ టూరు జరగాలి. టికెట్లు అమ్ముడవ్వాలి, సామ్రాజ్యం సంతోషంగా ఉండాలి. ఆస్ట్రేలియా మీద ఆడనని జార్డీన్ తనే ముందుగా చెప్పేశాడు. ఇంక మిగిలింది లార్వుడ్.

నాటింగ్‌హామ్‌షైర్ కౌంటీకి పెద్ద దిక్కైన కోటీశ్వరుడు సర్ జూలియన్ కాన్ అతన్ని పిలిపించి, నీ బౌలింగ్‌కి ఎంసీసీకి క్షమాపణ చెప్పుకోవాలి, చెప్తేనే మళ్ళీ టెస్టులు అన్నాడు. లార్వుడ్ చెప్పనన్నాడు. నా కెప్టెన్ చెప్పింది చేశాను, సిగ్గుపడాల్సిందేమీ లేదు, ఇదే అతని వాదన. జూన్‌లో సండే డిస్పాచ్ పత్రికలో తనే ఇంక టెస్టులు ఆడనని ప్రకటించాడు. మొత్తం 21 టెస్టులు, 78 వికెట్లు. అక్కడితో సరి.

సగటు తగ్గిపోయింది, కాలు పోయింది, ఎలాగూ పనికిరాడు అని కొందరంటారు. కాలు దెబ్బ నిజమే, మునుపటి వేగం మళ్ళీ రాలేదు. కానీ 1936లో వందకి పైగా వికెట్లు తీసి ఇంగ్లండు సగటుల పట్టికలో మళ్ళీ మొదటి స్థానంలో నిలిచాడు. ఆ చలికాలమే ఇంగ్లండు జట్టు ఆస్ట్రేలియా వెళ్ళింది. లార్వుడ్ లేడు. అతనితోపాటు బాడీలైన్ వేసిన వోస్ ఉన్నాడు, పెద్దలతో రాజీపడ్డాడు కాబట్టి. కెప్టెన్ ఎవరనుకున్నారు? గబీ అలెన్.

ఇప్పుడు నా వాదనకి ఎదురుగా నిలబడే ప్రశ్న ఒకటుంది, దాన్ని దాటేసి పోవడం న్యాయం కాదు. "పైవాడు చెప్పాడు, నేను చేశాను" అనేది ఒక సమాధానమేనా? మన వృత్తిలో దీనికి ఈమధ్య పెద్ద ఉదాహరణే ఉంది. ఫోక్స్‌వాగన్ డీజిల్ కార్లలో, టెస్టింగ్ జరుగుతోందని కనిపెట్టి అప్పుడు మాత్రమే పొగ తగ్గించే సాఫ్ట్‌వేర్ బయటపడింది 2015లో. ఆ కంపెనీ అమెరికా అధిపతి అక్కడి పార్లమెంటు కమిటీ ముందు కూర్చుని ఇది ఇద్దరు ముగ్గురు సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ల పని అన్నట్టు చెప్పాడు. తర్వాత తేలిందేంటి? 2017లో కంపెనీయే నేరం ఒప్పుకుంది, పైస్థాయి మేనేజర్ల మీద కూడా కేసులు పడ్డాయి. కానీ జైలుకెళ్ళినవాళ్ళలో ఇంజనీరు కూడా ఉన్నాడు. నా ఉద్దేశంలో అదీ సరైనదే. మోసం అని తెలిసి కోడ్ రాసినవాడు "చెప్పారు రాశా" అని చేతులు దులుపుకోలేడు.

మరి లార్వుడ్‌కీ అతనికీ తేడా ఏంటి? నాకు మూడు తేడాలు కనిపిస్తాయి.

మొదటిది, అప్పటి రూల్స్ ప్రకారం లార్వుడ్ వేసిన ఒక్క బంతి కూడా తప్పు కాదు. అంపైర్లు ఆపలేదు, ఆపడానికి వాళ్ళకి రూలు లేదు. ఒంటి మీదకి ఉద్దేశపూర్వకంగా చేసే దాడిని ఆపేలా ఎంసీసీ నిబంధన తెచ్చింది 1934 నవంబరులో. లెగ్ వైపు స్క్వేర్ వెనక ఇద్దరు ఫీల్డర్లకి మించి ఉండకూడదన్న రూలు ఇంకా చాలా ఏళ్ళకి వచ్చింది. స్పెసిఫికేషన్‌లో కన్నం ఉంటే కన్నం పూడ్చాలి, పూడ్చారు కూడా, మంచిదే. పాత స్పెసిఫికేషన్‌ ప్రకారం పనిచేసినవాడి చేత తర్వాత క్షమాపణ రాయించుకోవడం ఏం న్యాయం?

రెండోది, అతను ఏదీ దాచలేదు. వేలమంది ముందు వేశాడు. ఎంసీసీ మేనేజర్ పెల్హామ్ వార్నర్ అక్కడే ఉన్నాడు. జార్డీన్‌ని కెప్టెన్‌గా ఎంచిన సెలక్షన్ కమిటీకి ఛైర్మన్ కూడా ఆయనే. ఆయనకి బాడీలైన్ నచ్చలేదట. నచ్చకపోతే ఆపాలి. ఆపలేకపోతే బయటికి చెప్పాలి. రెండూ చెయ్యలేదు. ఆయనకి 1937లో సర్ బిరుదొచ్చింది.

మూడోది, అన్నిటికంటే ముఖ్యం. లార్వుడ్ "నాకేం తెలీదు, వాడు చెప్పాడు, నేను వేశా" అని తప్పించుకోలేదు. అలా అని ఉంటే బతికిపోయేవాడు. కెప్టెన్‌ని బలిచ్చి ఒక క్షమాపణ లేఖ పడేస్తే టెస్టులు ఆడుకునేవాడు. అతను తన బౌలింగ్ తనదే అన్నాడు, తన కెప్టెన్ తన కెప్టెనే అన్నాడు. బాధ్యత నుంచి పారిపోలేదు. అందరి బాధ్యతా తనొక్కడే మొయ్యనన్నాడు, అంతే. ఈ రెంటికీ చాలా తేడా ఉంది.

బాడీలైన్ మంచి ఆట అని నేననట్లేదు. హెల్మెట్ లేని మనిషి గుండెకి గురిపెట్టి, చుట్టూ క్యాచ్‌లకి మనుషుల్ని పెట్టడం చూడముచ్చటైన క్రికెట్ కాదు. అది ఆగిపోవడం ఆటకి మంచిదే అయ్యింది. నా ప్రశ్న అది కాదు. అది తప్పైతే ఆ తప్పుకి అందరూ కలిసి సారీ చెప్పాలి. ఎంచిన కమిటీ, నడిపించిన కెప్టెన్, చూస్తూ ఊరుకున్న మేనేజరు, టూరు రద్దు చేసుకోండని బెదిరించిన బోర్డు, ఆ తర్వాత బౌలరు. ఈ వరసలో ఆఖరివాణ్ణి మాత్రమే పిలిచి సారీ అడిగారంటే అది పశ్చాత్తాపం కాదు, ఇల్లు ఊడ్చుకోవడం. అత్త కొట్టిన కుండ అడుగోటి కుండ, కోడలు కొట్టిన కుండ కొత్త కుండ.

మనందరికీ తెలిసిన ఒక కమాండ్ ఉంది, గిట్ బ్లేమ్. ఏ లైను ఎవరు రాశారో పేరు, తేదీతో సహా చూపిస్తుంది. ప్రొడక్షన్ పడిపోయిన రోజు అందరూ మొదట కొట్టేది అదే. కానీ ఆ లైను ఎవరు రాయమన్నారో, రివ్యూ ఎవరు చేశారో, టెస్టింగ్‌కి నాలుగు రోజులు అడిగితే ఒక్క రోజే ఇచ్చినవారెవరో, రిలీజ్ డేటు క్లయింటుకి ముందే మాటిచ్చేసినవారెవరో ఆ కమాండ్ చూపించదు. టైపు చేసినవాడి పేరే చూపిస్తుంది. స్కోరు కార్డు కూడా అంతే. బౌల్డ్ లార్వుడ్ అని ఉంటుంది, డిజైన్డ్ బై జార్డీన్ అని ఉండదు, అప్రూవ్డ్ బై ఎంసీసీ అని అసలే ఉండదు. బగ్ ఎవరిదో తేల్చే మీటింగుల్లో కూర్చున్న ప్రతివాడూ గుర్తుపెట్టుకోవాల్సింది ఇదేనని నా అభిప్రాయం. పేరు కనపడినవాడికి బాధ్యత ఉంది, నిజమే. పేరు కనపడనివాడికి లేదనుకోవడం మాత్రం సోమరితనం, ఒక్కోసారి పిరికితనం.

జార్డీన్‌కి న్యాయంగా ఒక మాట చెప్పాలి. ఆయన లార్వుడ్‌ని వదిలెయ్యలేదు. యాష్ ట్రే ఒకటి, వెండిది, బహుమతిగా ఇచ్చాడు, యాషెస్ గెలిపించినందుకు కృతజ్ఞతగల కెప్టెన్ నుంచి అన్న అర్థంలో చెక్కించి. లార్వుడ్ దాన్ని జీవితాంతం దాచుకున్నాడు. జార్డీన్ మీద ఒక్క చెడ్డమాట అన్లేదు. అన్నట్టు 1984లో ఆస్ట్రేలియావాళ్ళు తీసిన బాడీలైన్ టీవీ సీరియల్లో జార్డీన్ వేషం వేసింది హ్యూగో వీవింగ్, తర్వాత మ్యాట్రిక్స్‌లో ఏజెంట్ స్మిత్. ఇంతకంటే సరైన ఎంపిక ఉండదు :)

తర్వాతి కథ ఇంకా విచిత్రం. 1938లో కౌంటీ క్రికెట్ మానేశాడు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత బ్లాక్‌పూల్‌లో చిన్న మిఠాయి కొట్టు పెట్టుకున్నాడు. ఎవరూ గుర్తుపట్టకుండా కొట్టు మీద తన పేరు కూడా పెద్దగా పెట్టుకోలేదు. 1948లో అతన్ని వెతుక్కుంటూ వచ్చినవాడు జాక్ ఫింగిల్టన్. ఎవరీయన? బాడీలైన్ సిరీస్‌లో లార్వుడ్ బంతుల దెబ్బలు తిన్న ఆస్ట్రేలియా ఓపెనరు, తర్వాత జర్నలిస్టు. మా దేశం వచ్చెయ్ అన్నాడు. 1950లో లార్వుడ్ భార్య లోయిస్, అయిదుగురు కూతుళ్ళతో ఒరాంటీస్ అనే ఓడెక్కాడు. 1932లో జట్టుతో కలిసి ఆస్ట్రేలియా వెళ్ళింది కూడా అదే ఓడ. సిడ్నీలో దిగాక మొదట్లో ఉన్న హోటల్ ఖర్చులో కొంత ఆస్ట్రేలియా మాజీ ప్రధాని బెన్ చిఫ్లీ చాటుగా కట్టాడు. చిఫ్లీ రైలింజన్ డ్రైవరుగా బతుకు మొదలుపెట్టినవాడు, కూలిమనిషి కష్టం తెలిసినవాడు. లార్వుడ్ అక్కడే కూల్‌డ్రింకుల కంపెనీలో ఉద్యోగం చేసుకుంటూ, కూతుళ్ళ పెళ్ళిళ్ళు చేసుకుంటూ హాయిగా బతికాడు. ఒకప్పుడు రాళ్ళేస్తామన్న ఊరే ఇల్లిచ్చింది, సొంత ఊరు మిఠాయి కొట్టు దాకా తరిమింది.

దెబ్బతిన్నవాళ్ళు క్షమించారు, లాభం పొందినవాళ్ళు క్షమాపణ అడిగారు. ఈ కథలో నన్ను ఎక్కువ ఆలోచింపజేసింది ఇదే. ఫింగిల్టన్‌కి తెలుసు, బంతి వేసినవాడు తన పని తను చేశాడని. ఎదురుగా నిలబడి దెబ్బ కాచుకున్నవాడికి ఎదుటివాడి నైపుణ్యం మీద ఒక గౌరవం ఉంటుంది. గదిలో కూర్చుని ఫైలు చూసేవాడికి అది రాదు.

పెద్దలు ఏమీ చెయ్యలేదని కాదు. 1949లో ఎంసీసీ కొంతమంది పాత ప్రొఫెషనల్స్‌కి గౌరవ సభ్యత్వం ఇస్తే అందులో లార్వుడ్ పేరుంది. గబీ అలెన్ ఆ తర్వాత సెలక్టర్ల ఛైర్మన్ అయ్యాడు, ఎంసీసీ అధ్యక్షుడయ్యాడు, 1986లో సర్ అయ్యాడు. లార్వుడ్‌కి జాన్ మేజర్ ప్రధానిగా ఉన్నప్పుడు 1993లో ఎంబీఈ ఇచ్చారు. అప్పటికి అతనికి 88 ఏళ్ళు. అరవయ్యేళ్ళు ఆలస్యం. 1995 జులై 22న సిడ్నీలో పోయాడు.

అతను సారీ చెప్పి ఉంటే ఇంకో ఇరవై టెస్టులు ఆడేవాడేమో, ఇంకో డెబ్భై వికెట్లొచ్చేవేమో. ఆ లెక్క ఎవరైనా వేయొచ్చు. కానీ ఆ కాగితం మీద అతని సంతకం ఉండి ఉంటే చరిత్ర చాలా తేలిగ్గా ముగిసేది. ఒక గని కూలీ హద్దు మీరాడు, పెద్దలు మందలించారు, వాడు ఒప్పుకున్నాడు, కథ కంచికి. అతను ఒప్పుకోలేదు కాబట్టే, మరి వేయమన్నదెవరు అని తొంభయ్యేళ్ళ తర్వాత కూడా మనం అడగగలుగుతున్నాం.